సర్వీస్ మాన్యువల్ అనుకుని దింపుకుంటే ప్రతి పేజీలో "డీలర్‌ని సంప్రదించండి" అనే ఉంది. అసలుది ఎక్కడ దొరుకుతుంది?

ట్యాపెట్_మోత
సెకండ్‌హ్యాండ్‌లో ఒక 150 సీసీ బండి తీసుకున్నాను. సింగిల్ సిలిండర్, ఎయిర్ కూల్డ్, కార్బురేటర్ మోడల్, 2009ది. ఇంజిన్ పైనుంచి టిక్ టిక్ అని ఒకటే చప్పుడు. ట్యాపెట్లు, అంటే ఇంజిన్ వాల్వులని నొక్కి తెరిచేవి, లూజయ్యాయని చూసినవాళ్లందరూ అన్నారు. నేనే సెట్ చేసుకుందామని వీడియోలు చూశాను. వాల్వ్ దగ్గర వదలాల్సిన సందు ఒకాయన 0.05 మిల్లీమీటర్లు అన్నాడు. ఇంకొకాయన 0.10 అన్నాడు. మూడో ఆయన సందు కొలిచే గేజ్ దేనికి, హాక్సా బ్లేడు ముక్క దూరిస్తే చాలన్నాడు. నాలుగో వీడియోలో పాట తప్ప మాట లేదు.

ఇలా కాదని మాన్యువల్ వెతికి దింపుకున్నాను. దాదాపు వంద పేజీలు. హెల్మెట్ పెట్టుకోండి, టైర్లలో గాలి చూసుకోండి, బండి ఎండలో పెట్టకండి, అన్నీ ఉన్నాయి. వాల్వ్ క్లియరెన్స్, అంటే ఆ సందు, దగ్గరికొచ్చేసరికి "అధీకృత డీలర్‌ని సంప్రదించండి". క్లచ్ ప్లేట్లకూ అదే. కార్బురేటర్‌కూ అదే. బోల్టు ఎంత బిగించాలో, సందు ఎంత ఉండాలో రాసిన పుస్తకం ఒకటి ఉంటుంది కదా, అది మామూలు మనుషులకి దొరుకుతుందా?

కిక్‌స్టార్ట్
మా బండి పుస్తకంలో హెడ్‌లైట్ బల్బు మార్చడానికి కూడా డీలర్‌నే సంప్రదించమన్నాడు. నయం, పెట్రోలు పోసుకోవడం మన చేతికే వదిలేశాడు.

పాత_కార్బురేటర్
మీరు దింపుకున్నది ఓనర్స్ మాన్యువల్. బండితో పాటు సీటు కింద పెట్టి ఇచ్చేది. కంపెనీలు దాన్ని తమ వెబ్‌సైట్లలో ఉచితంగా పెడతాయి కాబట్టి వెతికితే ముందు అదే తగులుతుంది. మీకు కావాల్సింది సర్వీస్ మాన్యువల్. వర్క్‌షాప్ మాన్యువల్ అని కూడా అంటారు. మెకానిక్‌ల కోసం రాసింది, అందులో ప్రతి భాగం విప్పే వరుస, అరుగుదల హద్దులు, బిగింపు లెక్కలు, వైరింగ్ బొమ్మ అన్నీ ఉంటాయి. మూడోది పార్ట్స్ కేటలాగ్. అందులో విప్పదీసిన బొమ్మలు, పార్ట్ నంబర్లే తప్ప ఎలా విప్పాలో ఉండదు.

తేడా పట్టుకోవడం తేలిక. పేజీ నంబర్లు 1, 2, 3 అని వరసగా పోతుంటే అది చాలావరకు ఓనర్స్ పుస్తకమే. 3-8, 7-14 అని అధ్యాయం నంబరుతో కలిపి ఉంటే సర్వీస్ మాన్యువల్ అయ్యే అవకాశం ఎక్కువ.

ముందు బండి పేరు పక్కన పెట్టి ఇంజిన్ నంబరు, ఛాసిస్ నంబరు చూడండి. మొత్తం ఇక్కడ రాయకండి, ఇంజిన్ నంబరులో ముందున్న నాలుగైదు అక్షరాలు చెబితే చాలు.

చెవితో_వింటా
ఇదంతా దేనికండీ. ఇరవై ఏళ్లుగా నా బళ్లు నేనే చూసుకుంటున్నాను, ఒక్క మాన్యువల్ కొనలేదు. స్క్రూ బిగిస్తూ పోతే చప్పుడు ఆగుతుంది. ఆగాక ఒక్క పిసరు వదిలి లాక్‌నట్ బిగించేయడమే. ఇంజినే చెబుతుంది, మనం వినాలంతే.

నీలి_గ్రీజు
పైన @చెవితో_వింటా గారు చెప్పినట్టు మాత్రం చేయకండి, దయచేసి. నేను అలాగే చేసి వాల్వ్ కాల్చుకున్నాను.

లూజుగా ఉన్న ట్యాపెట్ మోగుతుంది, నిజమే. టైటుగా ఉన్నది మోగదు. చిక్కంతా అక్కడే ఉంది. ఎగ్జాస్ట్ వాల్వ్‌కి ఒంటిమీద వేడి పోయే దారి ముఖ్యంగా వాల్వ్ సీటే, అంటే ఇంజిన్ పైభాగమైన హెడ్‌లో అది వచ్చి ఆనే అంచు. మూసుకున్నప్పుడు సీటుకి ఆనుకుని ఆ వేడిని హెడ్‌లోకి వదిలేస్తుంది. సందు లేకపోతే పూర్తిగా మూసుకోదు, వేడి వదలదు, అంచు కాలుతుంది. నా బండి ఎంత నిశ్శబ్దంగా ఉండేదంటే అందరూ మెచ్చుకునేవాళ్లు. మూడు నెలలకి పొద్దున స్టార్ట్ అవడం కష్టమైంది. తర్వాత కంప్రెషనే లేదు, కిక్కర్ మీద కాలు పెడితే దానంతట అదే దిగిపోయేది. హెడ్ విప్పితే ఎగ్జాస్ట్ వాల్వ్ అంచున ఎలుక కొరికినట్టు ఒక ముక్క లేదు.

చెవితో_వింటా
అది సెట్ చేసిన చేతి తప్పు, చెవి తప్పు కాదు.

నీలి_గ్రీజు
చెయ్యీ నాదే, చెవీ నాదే అండీ. సందు 0.12 ఉండాలని రాసిన కాగితం ఒక్కటే నా దగ్గర లేదు.

ట్యాపెట్_మోత
@పాత_కార్బురేటర్ ఇంజిన్ నంబరు చూశాను. బురద గీకితేగానీ కనబడలేదు. అమ్మినతను 2009 అన్నాడు. కానీ ఇదే పేరుతో 2007లో ఒకటి, 2010లో ఒకటి ఉన్నాయట. బయటికి ఒకేలా ఉంటాయి. నాది ఏదో ఎలా తెలుస్తుంది?

పాత_కార్బురేటర్
అందుకే అక్షరాలు అడిగాను. స్టిక్కర్లు, ట్యాంకు, లైటు మార్చి అదే పేరుతో అమ్ముతుంటారు. లోపల ఒక్కోసారి వాల్వులని నడిపే క్యామ్ మారుతుంది, ఒక్కోసారి కరెంటు పుట్టించే స్టేటర్ మారుతుంది. కొన్నిసార్లు ఏమీ మారదు. ఇంజిన్ నంబరు ముందున్న అక్షరాలు ఇంజిన్ రకాన్ని చెబుతాయి. సర్వీస్ మాన్యువల్ మొదటి అధ్యాయంలోనే "ఫలానా నంబరు నుంచి ఫలానా నంబరు వరకు" అని రాసి ఉంటుంది. దాంతో పోల్చుకోండి.

ఇంకో కిటుకు. హోండా పార్ట్ నంబర్లు చూశారా? మూడు ముక్కలుగా ఉంటాయి. మొదటి ఐదు అంకెలు అది ఏ భాగమో చెబుతాయి, మధ్యలో ఉండే మూడు అక్షరాలు ఆ భాగాన్ని మొదట ఏ మోడల్ కోసం తయారుచేశారో చెబుతాయి. రెండు బళ్ల కేటలాగ్‌లు పక్కపక్కన పెట్టి క్యామ్‌షాఫ్ట్, వాల్వ్, రాకర్ ఆర్మ్ (క్యామ్ కదలికని వాల్వ్‌కి అందించేది) నంబర్లు పోల్చండి. అన్నీ ఒకటే అయితే ఆ విషయంలో రెండో బండి మాన్యువల్ మీకూ పనికొస్తుంది. చాలా కంపెనీల కేటలాగ్‌లు ఉచితంగానే చూడొచ్చు.

మరొకటి, దొరికిన పుస్తకం పల్చగా ఉంటే కంగారుపడకండి. అది సప్లిమెంట్ అయ్యుంటుంది. పాత మోడల్ నుంచి మారినవి మాత్రమే అందులో వేస్తారు, మిగతాదానికి మూల మాన్యువల్ చూడాలి. రెండూ ఉంటేనే పని జరుగుతుంది.

రాత్రి_పంక్చర్
దింపుకునేటప్పుడు జాగ్రత్త. "మీ మాన్యువల్ సిద్ధం" అని పెద్ద పచ్చ బటన్ ఉన్న సైట్‌లో నొక్కాను. వచ్చింది పీడీఎఫ్ కాదు, ఈఎక్స్ఈ ఫైలు. పుస్తకం చదవడానికి ప్రోగ్రామ్ ఇన్‌స్టాల్ చేయడమేంటని ఆలోచించాల్సింది. బండి ఆత్రంలో చేసేశాను. బండి బాగానే ఉంది, కంప్యూటర్ షెడ్డుకెళ్లింది.

కిక్‌స్టార్ట్
😂 దానికి సర్వీస్ మాన్యువల్ దొరికిందా మరి?

స్పానర్_పద్నాలుగు
ఇంకో రకం కూడా ఉంది. "ఉచితం" అంటాడు, చివర్లో కేవలం వయసు నిర్ధారణకే అని కార్డు నంబరు అడుగుతాడు. మాన్యువల్ చదవడానికి వయసెందుకో.

నా మాట వింటే కంపెనీదే కొనండి. స్కాన్ కాపీల్లో వైరింగ్ బొమ్మ ఎప్పుడూ రెండు ముక్కలై ఉంటుంది. మడత పేజీ కదా, స్కాన్ చేసేవాడు సగమే పెడతాడు. మనకి కావాల్సిన వైరు సరిగ్గా ఆ మడతలోనే మాయమవుతుంది.

సైడ్‌స్టాండ్
కొనాలనే ఉంటుంది, అమ్మేవాడేడీ? పదిహేనేళ్ల నాటి బండికి కంపెనీని అడిగితే "అది సర్వీస్ సెంటర్లకే" అన్నారు. అమ్మనని వాళ్లే అన్నాక ఎవరో స్కాన్ చేసి పెట్టింది చదివితే నేరమా?

స్పానర్_పద్నాలుగు
కాపీరైట్ వాళ్లదే కదా. అమ్మకపోయినా వాళ్లదే.

మూడో_గేరు
యూరోపియన్ యూనియన్‌లో దీనికి చట్టమే ఉంది. 168/2013 అనే నిబంధన ప్రకారం టూవీలర్ తయారీదారులు బయటి మెకానిక్‌లకి కూడా రిపేర్ సమాచారం అందుబాటులో ఉంచాలి. ఊరికే ఇవ్వాలని లేదు, న్యాయమైన ఫీజు తీసుకోవచ్చు. కాబట్టి కొన్ని కంపెనీలకి సమాచారం అమ్మే సైట్లు వేరుగా ఉంటాయి. గంటకో రోజుకో చందా కట్టి చూసుకోవచ్చు. @సైడ్‌స్టాండ్ మీది ఏ కంపెనీయో గానీ, షోరూమ్ వాళ్లని అడిగి వదిలేయకుండా కంపెనీ సైట్‌లో ఒకసారి చూడండి. షోరూమ్‌లో కూర్చున్నవాళ్లకి ఇవి ఉన్నట్టు కూడా తెలియదు ఒక్కోసారి.

నట్టు_నారాయణ
కంపెనీది దొరక్కపోతే బయటి ప్రచురణలు ఉన్నాయిగా. హేన్స్, క్లైమర్. 2013లో క్లైమర్‌ని హేన్సే కొనేసింది. వీళ్లు బండిని నిజంగా విప్పి, మళ్లీ బిగిస్తూ ఫోటోలు తీసి రాస్తారు కాబట్టి మొదటిసారి చేసేవాళ్లకి కంపెనీ పుస్తకం కన్నా బాగా అర్థమవుతాయి. హేన్స్‌లో ప్రతి పనికీ ఒకటి నుంచి ఐదు దాకా స్పానర్ బొమ్మలు వేస్తారు. ఒక స్పానర్ అంటే ఎవరైనా చేయొచ్చు. ఐదు కనబడితే పుస్తకం మూసేసి బండిని తోసుకుంటూ మెకానిక్ దగ్గరికి.

లోటు ఏంటంటే అన్ని బళ్లకీ ఉండవు. ఎక్కువగా పెద్ద బళ్లకే. చిన్న 100, 150 సీసీవి వెతుక్కోవాలి. ఒకే పుస్తకంలో నాలుగు మోడళ్లు కలిపేస్తారు కూడా. "2003 తర్వాతి మోడళ్లలో" అని ఒక చిన్న వాక్యం ఎక్కడో మూలన ఉంటుంది, అది చదవకుండా దాటేస్తే పని మళ్లీ మొదటికి.

నీలి_గ్రీజు
"అమర్చేటప్పుడు తీసిన వరుసకి తిరగేసి చేయండి" అనే వాక్యం కూడా.

నట్టు_నారాయణ
ఆ వాక్యం రాసినవాడిని ఒక్కసారి కలవాలని ఉంది. విప్పేటప్పుడు స్ప్రింగ్ ఎగిరి బీరువా కిందికి పోయింది. తిరగేసి ఎలా చేయాలి?

హెలికాయిల్_బాధితుడు
మాన్యువల్ దొరికాక చదవడం కూడా రావాలి. నా కథ వినండి.

హెడ్ కవర్ బోల్టులు, ఎం6. అంటే పదో నంబరు పానా పట్టే మామూలు చిన్న బోల్టులు. పుస్తకంలో 12 న్యూటన్ మీటర్లు అని ఉంది. నా టార్క్ రెంచ్ (ఎంత బిగించామో కొలిచే పానా) మీద రెండు స్కేళ్లు, ఒక పక్క న్యూటన్ మీటర్లు, ఇంకో పక్క ఫుట్ పౌండ్లు. రాత్రిపూట, టార్చి నోట్లో పెట్టుకుని, ఫుట్ పౌండ్ల వైపు 12 పెట్టాను. 12 ఫుట్ పౌండ్లంటే 16 న్యూటన్ మీటర్ల పైమాటే. మూడు బోల్టులు టక్ టక్ టక్ అని బాగానే పలికాయి. నాలుగోది బిగుస్తోంది, బిగుస్తోంది, ఉన్నట్టుండి చేతికి మెత్తగా తగిలింది. వెన్నలో తిప్పినట్టు. రెంచ్ మాత్రం క్లిక్ అనదు. బోల్టు బయటికి తీస్తే దాని మరల చుట్టూ వెండి తీగలాగా అల్యూమినియం చుట్టుకుని వచ్చింది. హెడ్‌లో ఉండాల్సిన మర బోల్టుతో పాటు నా చేతిలోకొచ్చింది.

అప్పటినుంచి మూడు పాటిస్తున్నాను. పుస్తకంలోని అంకె పక్కన యూనిట్ బిగ్గరగా చదువుతాను. పాత జపాన్ పుస్తకాల్లో కేజీఎఫ్ మీటర్ ఉంటుంది, 1.2 అని కనబడితే అది ఇంచుమించు 12 న్యూటన్ మీటర్లు. అమెరికా పుస్తకాల్లో చిన్న బోల్టులకి ఇంచ్ పౌండ్లు ఇస్తారు, 12 ఇంచ్ పౌండ్లయితేనే 1 ఫుట్ పౌండ్. రెండోది, చిన్న బోల్టులకి చిన్న రెంచ్. చక్రం నట్టు బిగించే పెద్ద రెంచ్‌తో 10 న్యూటన్ మీటర్లు కొలవకూడదు. మూడోది, మరకి నూనె రాయమని పుస్తకం చెబితేనే రాయాలి. పొడి మరకి ఇచ్చిన లెక్కని నూనె రాసిన మర మీద వాడితే బోల్టు అనుకున్నదానికన్నా ఎక్కువ సాగుతుంది.

చెవితో_వింటా
ఎం6కి టార్క్ రెంచ్ ఏంటి నాయనా. మణికట్టుతో బిగిస్తే చాలు, భుజం వాడకూడదు. అంతే లెక్క.

హెలికాయిల్_బాధితుడు
మీ మణికట్టు ఇరవై ఏళ్లది కదండీ. నాది అప్పటికి రెండు వారాలది.

మూడో_గేరు
ఇంజినాయిల్ దగ్గర కూడా ఇలాంటి మోసమే ఉంది. సర్వీస్ మాన్యువల్లో ఒకే ఇంజిన్‌కి రెండు మూడు కొలతలు ఇస్తారు. ఆయిల్ వంపి పోస్తే ఒకటి, ఫిల్టర్ కూడా మారిస్తే ఒకటి, ఇంజిన్ మొత్తం విప్పి బిగిస్తే ఒకటి. నేను కంటికి కనబడిన పెద్ద అంకె పోశాను. ఎక్కువైన ఆయిల్ ఇంజిన్ లోపలి గాలి బయటికిపోయే బ్రీదర్ పైపులోంచి ఎయిర్ ఫిల్టర్ డబ్బాలోకి కక్కింది. ఫిల్టర్ స్పాంజి పిండితే చారు కారినట్టు కారింది.

సైడ్‌స్టాండ్
ఆయిల్ గ్రేడ్ కూడా చూసుకోండి. క్లచ్ ఆయిల్‌లో మునిగి ఉండే బళ్లకి డబ్బా మీద జాసో (జపాన్ ఆయిల్ ప్రమాణం) ఎంఏ గానీ ఎంఏ2 గానీ ఉండాలి. ఎంబీ పోస్తే క్లచ్ జారే ప్రమాదం ఉంది.

రాత్రి_పంక్చర్
కార్బురేటర్ గిన్నె స్క్రూలు తిప్పేటప్పుడు ఇంకో సంగతి. జపాన్ బళ్ల స్క్రూ తలలు ఫిలిప్స్‌లా కనబడతాయి గానీ జేఐఎస్ (జపాన్ ప్రమాణం) రకం. చాలావాటి తలపై చిన్న చుక్క ఉంటుంది. మామూలు ఫిలిప్స్ పెడితే పైకి జారి గాడి గుండ్రంగా అరిగిపోతుంది.

కిక్‌స్టార్ట్
ఆ స్క్రూలన్నీ నా బండికే ఉన్నాయి. గుండ్రంగానే ఉన్నాయి.

ఫ్యూజ్_పోయింది
వైరింగ్ బొమ్మ పక్క బండిది అసలు నమ్మొద్దు. హోండాలో ఎర్త్ వైరు పచ్చ. యమహాలో నలుపు. సుజుకిలో నలుపు మీద తెల్ల గీత, కవాసకిలో నలుపు మీద పసుపు గీత. పచ్చ అంటే ఎర్త్ అని బుర్రలో పెట్టుకుని ఇంకో కంపెనీ బండి మీద పనిచేశాను. నా పేరు అలా వచ్చిందే.

ట్యాపెట్_మోత
తొమ్మిది రోజుల తర్వాత వస్తున్నాను. అందరికీ థాంక్స్, దొరికింది.

కేటలాగ్‌లో పార్ట్ నంబర్లు పోల్చితే నా బండి క్యామ్, రాకర్లు 2007 మోడల్‌వే. మధ్య అక్షరాలతో సహా. అక్షరాలు, మోడల్ సంవత్సరం పెట్టి మళ్లీ వెతికితే కంపెనీ అమ్మే సైట్‌లోనే మూల మాన్యువల్, 18 పేజీల సప్లిమెంట్ కనబడ్డాయి. కొన్నాను. ఓనర్స్ పుస్తకంలో ఒక్క వాక్యం ఉన్నచోట ఇక్కడ రెండున్నర పేజీలు.

ఇంజిన్ పూర్తిగా చల్లారాలట, 35 డిగ్రీల లోపు. రాత్రంతా వదిలేసి పొద్దున్నే కూర్చున్నాను. ఎడమ పక్క కవర్ మీది రెండు మూతలు తీసి, ఫ్లైవీల్‌ని పుస్తకం చెప్పిన దిక్కుకే తిప్పుతూ, టీ గుర్తుని (పిస్టన్ పైకి చేరిందని చెప్పేది) కిటికీలోని గాడికి ఎదురుగా తెచ్చాను. రాకర్లు రెండూ బిర్రుగా ఉన్నాయి. ఏదో తప్పు చేశానని చెమట పట్టింది. కింద చిన్న అక్షరాల్లో ఉంది, రాకర్లు వదులుగా లేకపోతే పిస్టన్ కంప్రెషన్ స్ట్రోక్‌లో లేనట్టు, ఇంకో పూర్తి చుట్టు తిప్పమని. తిప్పాను. ఇంటేక్ రాకర్ కొంచెం ఆడింది.

పుస్తకంలో ఇంటేక్ 0.08, ఎగ్జాస్ట్ 0.12. ఇంటేక్‌లో 0.08 బ్లేడు సన్నటి పట్టుతో జారుతూ వెళ్లింది, సరిగ్గా ఉంది. ఎగ్జాస్ట్‌లో 0.05 కూడా దూరలేదు.

నీలి_గ్రీజు
అమ్మయ్య. @చెవితో_వింటా గారూ చూశారా? చప్పుడు చేయని వాల్వే టైటుగా ఉంది. మీరు చెప్పినట్టు ఇంకా బిగించుంటే?

ట్యాపెట్_మోత
ఆగండి, అయిపోలేదు. 0.12కి సెట్ చేసి లాక్‌నట్ బిగించాక మళ్లీ కొలిచాను. బిగించేటప్పుడు స్క్రూ కూడా కాస్త తిరిగి 0.10కి వచ్చింది. మళ్లీ వదిలి, స్క్రూని కదలకుండా పట్టుకుని బిగించి, కొలిచి, మూతలు పెట్టి స్టార్ట్ చేశాను.

టిక్ టిక్ అలాగే ఉంది.

కిక్‌స్టార్ట్
అయ్యో.

చెవితో_వింటా
ఒక మాట చెప్పండి. చల్లగా ఉన్నప్పుడు ఎక్కువగా మోగి, పది నిమిషాలు నడిపాక తగ్గుతోందా?

ట్యాపెట్_మోత
అవును. మీకెలా తెలుసు?

చెవితో_వింటా
సైలెన్సర్ పైపు హెడ్‌కి కలిసేచోట చూడండి. నట్ల చుట్టూ నల్లటి మసి ఉంటుంది. గ్యాస్కెట్ పోయి గ్యాస్ లీకవుతున్నా ఇలాగే టిక్కుటిక్కుమంటుంది, అచ్చం ట్యాపెట్లలాగే. వేడెక్కితే లోహం వ్యాకోచించి సందు మూసుకుంటుంది, చప్పుడు తగ్గుతుంది. ఇది మీ పుస్తకంలో ఏ పేజీలో ఉందో మరి.

ట్యాపెట్_మోత
మసి ఉంది. ఒక నట్టు చేత్తోనే తిరిగింది.

పుస్తకంలో ఆ గ్యాస్కెట్ బొమ్మ పక్కన "కొత్తది" అనే గుర్తు ఉంది, పాతది మళ్లీ వాడకూడదని. పార్ట్ నంబరు రాసుకుని తెప్పించి వేశాను. రెండు నట్లనీ ముందు చేత్తో సమానంగా తెచ్చి, తర్వాత మార్చి మార్చి బిగించాను. ఇప్పుడు ఇంజిన్ శబ్దం తప్ప ఏమీ లేదు.

@చెవితో_వింటా గారూ, చప్పుడు మీరు పట్టుకున్నారు. ఎగ్జాస్ట్ వాల్వ్‌ని పుస్తకం పట్టుకుంది.

చెవితో_వింటా
సరే సరే. ఆ ఇంటేక్, ఎగ్జాస్ట్ సందు పుస్తకంలో ఎంతన్నారు? మా తమ్ముడి దగ్గర కూడా అదే పేరుతో ఒక బండి ఉంది. ఊరికే అడుగుతున్నా.

ట్యాపెట్_మోత
ఇంజిన్ నంబరు ముందున్న అక్షరాలు చెప్పండి ముందు.